శత్రు యోధుడన్న ముద్రతో సైన్యం నిర్బంధించిన అమెరికా పౌరుడి తరఫున కోర్టుకు వెళ్ళడం ఎలా

అమెరికాలో మామూలు నేరం మీద అరెస్టయిన మనిషిని వెంటనే మేజిస్ట్రేటు ముందు హాజరుపరుస్తారు, అతని మీద మోపిన అభియోగం ఏమిటో చెబుతారు, న్యాయవాదిని ఇస్తారు, చివరికి జ్యూరీ ఎదుట విచారణ జరుగుతుంది. అదే మనిషిని ప్రభుత్వం ‘ఎనిమీ కంబాటెంట్’, అంటే శత్రు యోధుడు, అని ప్రకటించి సైన్యానికి అప్పగిస్తే ఇవేవీ వాటంతట అవి మొదలుకావు. అభియోగపత్రం ఉండదు, విచారణ తేదీ ఉండదు, శిక్షాకాలం కూడా ఉండదు, ఎందుకంటే ఇది శిక్ష కాదని, శత్రువు మళ్ళీ యుద్ధరంగంలోకి వెళ్ళకుండా ఆపడమేనని ప్రభుత్వం వాదిస్తుంది. ఇలాంటి స్థితిలో కుటుంబ సభ్యులు సహజంగా చేసే పొరపాటు ఒకటుంది. తమవాడు నిర్దోషి అని నిరూపించడానికి పరుగులు తీస్తారు. నేరమే మోపనప్పుడు నిర్దోషిత్వాన్ని రుజువు చేసే వేదిక ఎక్కడుంటుంది? ముందుగా సంపాదించవలసింది ఆ వేదికనే. ఏ కారణంతో పట్టి ఉంచారో చెప్పాలని, దానికి జవాబిచ్చే అవకాశం కల్పించాలని, ఆ జవాబును పట్టి ఉంచినవారు కాక మరొకరు వినాలని అడగడమే ఇక్కడ మొదటి పని. 2004 జూన్ 28న, సైన్యం నిర్బంధించిన యాసర్ హమ్దీ అనే పౌరుడి తరఫున అప్పటి రక్షణ మంత్రి మీద నడిచిన హమ్దీ వర్సెస్ రమ్స్‌ఫెల్డ్ కేసులో అమెరికా సుప్రీంకోర్టు పౌరుడికి ఖాయం చేసిన హక్కు కూడా ఇదే. ఈ వ్యాసం న్యాయవాదికి ప్రత్యామ్నాయం కాదు, న్యాయవాది దొరికేలోగా, దొరికిన తరువాత కూడా, ఏ పని ఏ వరుసలో జరగాలో తెలుసుకోవడానికి మాత్రమే పనికివస్తుంది.

ఏ చట్టం మీద నిలబడాలి

నాలుగు ఆధారాలను దగ్గర పెట్టుకోవాలి. మొదటిది రాజ్యాంగపు ఐదో సవరణ. డ్యూ ప్రాసెస్ లేకుండా, అంటే చట్టబద్ధమైన న్యాయ ప్రక్రియ జరగకుండా, ఎవరి ప్రాణాన్నీ స్వేచ్ఛనూ ఆస్తినీ హరించకూడదని అది చెబుతుంది. రెండోది రాజ్యాంగం మొదటి అధికరణంలోని తొమ్మిదో సెక్షన్. తిరుగుబాటుగానీ దండయాత్రగానీ సంభవించి, ప్రజల భద్రతకు అవసరమైతే తప్ప హెబియస్ కార్పస్ రిట్‌ను నిలిపివేయకూడదని దాని సారాంశం. మనిషిని ఏ కారణంతో పట్టి ఉంచారో కోర్టుకు చూపాలని, కారణం చెల్లకపోతే వదలాలని ఆదేశించే ఉత్తర్వే ఈ రిట్. అంతర్యుద్ధ కాలంలో 1863లో కాంగ్రెస్ అలాంటి నిలిపివేతకు చట్టం చేసింది. 2001 సెప్టెంబరు 11 దాడుల తరువాత అలాంటి చట్టమేదీ రాలేదు, కాబట్టి పౌరుడికి కోర్టు తలుపు తెరిచే ఉంది. మూడోది 1971లో చేసిన నిర్బంధ నిరోధక నిబంధన, అంటే అమెరికా ఫెడరల్ చట్టాల సంపుటి (యూఎస్ కోడ్) 18వ టైటిల్‌లోని 4001వ సెక్షన్. కాంగ్రెస్ చేసిన చట్టం ప్రకారం తప్ప అమెరికా ప్రభుత్వం ఏ పౌరుడినీ నిర్బంధించరాదని అది ఒకే వాక్యంలో చెబుతుంది. రెండో ప్రపంచ యుద్ధంలో జపాన్ సంతతి పౌరులను శిబిరాల్లో పెట్టిన చరిత్ర మళ్ళీ రాకూడదన్న ఉద్దేశంతోనే ఆ వాక్యం పుట్టింది. నాలుగోది హెబియస్ అధికారాన్ని ఫెడరల్ కోర్టులకిచ్చిన 28వ టైటిల్‌లోని 2241వ సెక్షన్, దానిని అనుసరించి వచ్చే సెక్షన్లు.

ప్రభుత్వం చేతిలో ఉన్న ఆధారాన్ని కూడా నిజాయితీగా లెక్కలోకి తీసుకోవాలి. సైనిక బలప్రయోగానికి అనుమతిస్తూ కాంగ్రెస్ చేసిన తీర్మానం 2001 సెప్టెంబరు 18న చట్టమైంది. అఫ్ఘనిస్తాన్‌లో అమెరికాకు వ్యతిరేకంగా సాయుధంగా పోరాడిన వ్యక్తి పౌరుడైనా సరే, అతన్ని నిర్బంధించడానికి ఆ తీర్మానం చాలునని, 4001వ సెక్షన్ అడిగే ‘కాంగ్రెస్ చట్టం’ అదేనని హమ్దీ కేసులో జస్టిస్ ఓకానర్ రాసిన ప్రధానాభిప్రాయం తేల్చింది. పౌరసత్వం ఉన్నంత మాత్రాన సైనిక నిర్బంధం నుంచి తప్పించుకోలేమన్న మాట కొత్తది కాదు. 1942లో జలాంతర్గాముల నుంచి దిగిన 8 మంది జర్మన్ విధ్వంసకుల కేసులో, వారిలో ఒకడు తాను అమెరికా పౌరుడినని చెప్పుకున్నా, సుప్రీంకోర్టు సైనిక కమిషన్ అధికారాన్ని సమర్థించింది. దీనికి ఎదురుగా 1866 నాటి మిలిగన్ తీర్పు ఉంది. ఇండియానాలో పౌర న్యాయస్థానాలు తెరిచి పనిచేస్తుండగా, సైన్యంతో సంబంధం లేని పౌరుడిని సైనిక కమిషన్ ముందు నిలబెట్టడం చెల్లదని ఆ తీర్పు చెప్పింది. మీ కేసు ఈ రెండింటిలో దేనికి దగ్గరో నిర్ణయించే ప్రశ్నలు మూడు: ఎక్కడ పట్టుకున్నారు, చేతిలో ఆయుధం ఉందా, శత్రు సైన్యంలో భాగమని చెప్పడానికి ప్రభుత్వం చూపేది ఏమిటి.

పౌరుడిని అమెరికా గడ్డ మీద పట్టుకుని సైన్యానికి అప్పగించవచ్చా అన్న ప్రశ్నకు సుప్రీంకోర్టు ఇప్పటివరకు సూటిగా జవాబివ్వలేదు. 2011 డిసెంబరు 31న సంతకమైన 2012 రక్షణ అధికార చట్టం కూడా తన 1021వ సెక్షన్‌లో పౌరుల విషయంలో ఉన్న చట్టాన్ని మార్చడం లేదని రాసుకుని ఆ ప్రశ్నను పక్కన పెట్టింది. నా దృష్టిలో ఇది సౌకర్యవంతమైన మౌనం. అయితే సమాధానం రాని ప్రశ్న పిటిషనర్‌కు అడ్డంకి కాదు, వాదనకు చోటు.

ఎవరు వేయాలి, ఎక్కడ వేయాలి, ఎవరి మీద వేయాలి

ఈ మూడు ప్రశ్నలలో ఒక్కదానికి తప్పు జవాబు చెప్పుకున్నా నెలలు, ఒక్కోసారి ఏళ్ళు, వృథా అవుతాయి. అందుకే దీని మీద కొంచెం ఎక్కువ సేపు ఆగడం అవసరం.

నిర్బంధితుడు స్వయంగా సంతకం చేయలేని చోట, 2242వ సెక్షన్ ప్రకారం అతని తరఫున మరొకరు పిటిషన్ మీద సంతకం చేసి, అందులోని విషయాలు నిజమని ప్రమాణపూర్వకంగా ధ్రువీకరించవచ్చు. అలా చేసేవారిని ‘నెక్స్ట్ ఫ్రెండ్’ అంటారు. ఈ హోదా పొందాలంటే నిర్బంధితుడు తానే ఎందుకు కోర్టుకు రాలేకపోతున్నాడో చెప్పాలి, అతని మేలు కోసమే పనిచేస్తున్నామని చూపాలి, అతనితో గట్టి సంబంధం ఉందని నిరూపించాలి. యాసర్ హమ్దీ లూసియానాలో పుట్టి సౌదీ అరేబియాలో పెరిగినవాడు. 2001 చివర అఫ్ఘనిస్తాన్‌లో పట్టుబడి, 2002 జనవరిలో గ్వాంటనామోకు, పౌరుడని తెలిశాక ఏప్రిల్‌లో వర్జీనియాలోని నార్‌ఫోక్ నౌకాదళ జైలుకు చేరాడు. అతని కోసం ముందుగా ఒక ఫెడరల్ పబ్లిక్ డిఫెండరు, వేరుగా ఒక సాధారణ పౌరుడు పిటిషన్లు వేశారు. వారికి హమ్దీతో పూర్వ పరిచయం లేదన్న కారణంతో నాలుగో సర్క్యూట్ అప్పీళ్ళ కోర్టు ఆ రెండింటినీ కొట్టివేయించింది. 2002 జూన్‌లో అతని తండ్రి వేసిన పిటిషనే నిలబడింది. కాబట్టి ఎంత పేరున్న న్యాయవాది అందుబాటులో ఉన్నా, సంతకం మాత్రం తల్లిదండ్రులో, జీవిత భాగస్వామో, తోబుట్టువో చేయడం క్షేమం.

ఎక్కడ వేయాలన్నది జోస్ పడియా అనే అమెరికా పౌరుడి కేసు నేర్పిన పాఠం. 2002 మే 8న షికాగో విమానాశ్రయంలో సాక్షిగా పట్టి ఉంచేందుకు ఇచ్చే వారెంటు మీద అతన్ని పట్టుకుని న్యూయార్క్ తీసుకువెళ్ళారు. జూన్ 9న అధ్యక్షుడు అతన్ని శత్రు యోధుడిగా ప్రకటించగానే సౌత్ కరొలైనాలోని చార్ల్స్‌టన్ నౌకాదళ జైలుకు తరలించారు. రెండు రోజుల తరువాత అతని న్యాయవాది రక్షణ మంత్రిని ప్రతివాదిగా చేర్చి న్యూయార్క్ కోర్టులోనే పిటిషన్ వేశారు. ఆ పిటిషన్ రెండేళ్ళు నడిచి సుప్రీంకోర్టు దాకా వెళ్ళింది, అక్కడ 5–4 తేడాతో వీగిపోయింది. మనిషి దేహం ఎవరి అదుపులో ఉందో ఆ జైలు కమాండరే సరైన ప్రతివాది అని, ఆ జైలు ఉన్న జిల్లాలోని ఫెడరల్ కోర్టే సరైన కోర్టు అని మెజారిటీ తీర్పు చెప్పింది. పడియా మొత్తం ప్రయాణాన్ని సౌత్ కరొలైనాలో మళ్ళీ మొదటి నుంచి మొదలుపెట్టవలసి వచ్చింది.

దీని నుంచి ఆచరణలో రెండు జాగ్రత్తలు పుడతాయి. మనిషి ఎక్కడున్నాడో రూఢిగా తెలుసుకుని ఆ జిల్లాలోనే వేయాలి. తెలుసుకున్నాక ఆలస్యం చేయకూడదు, ఎందుకంటే సరైన కోర్టులో పిటిషన్ పడిన తరువాత నిర్బంధితుడిని వేరే చోటికి తరలించినా ఆ కోర్టు అధికారం పోదు. 1944లో ఎండో కేసు దీన్ని స్థిరపరిచింది. కాలిఫోర్నియా శిబిరంలో ఉండగా పిటిషన్ వేసిన ఆ జపాన్ సంతతి పౌరురాలిని తరువాత యూటా శిబిరానికి మార్చినా, కాలిఫోర్నియా కోర్టులో మొదలైన వ్యవహారమే చివరి వరకు సాగి ఆమె గెలిచింది.

విదేశంలో అమెరికా సైన్యం చేతిలో ఉన్న పౌరుడి విషయం వేరు. స్థానిక జిల్లా అనేదే లేదు గనుక వాషింగ్టన్ డీసీలోని ఫెడరల్ డిస్ట్రిక్ట్ కోర్టులో, రక్షణ మంత్రిని ప్రతివాదిగా చేర్చి వేయడం ఆచారం. ఇరాక్‌లో అమెరికా సైనికుల అదుపులో ఉన్న పౌరులకు కూడా హెబియస్ వర్తిస్తుందని 2008లో మునాఫ్ కేసులో సుప్రీంకోర్టు ఏకగ్రీవంగా అంగీకరించింది. 2017 సెప్టెంబరులో సిరియాలో పట్టుబడి ఇరాక్‌లో నిర్బంధంలో ఉన్న ఒక అమెరికా–సౌదీ పౌరుడి కేసు ఇంకొక వెసులుబాటునిచ్చింది. అతని పేరు కూడా బయటకు తెలియని రోజుల్లో పౌర హక్కుల సంస్థ ఏసీఎల్‌యూ పిటిషన్ వేసింది. సంబంధం లేదని ప్రభుత్వం అభ్యంతరం చెప్పినా, సంబంధం ఏర్పడనివ్వకుండా చేసింది ప్రభుత్వమే గనుక ఆ అభ్యంతరం డిస్ట్రిక్ట్ జడ్జి ముందు నిలవలేదు. అతను తమ సాయం కోరుతున్నాడో లేదో కనుక్కోవడానికి ఆ సంస్థ న్యాయవాదులను, నిఘా లేకుండా, వెంటనే మాట్లాడనివ్వాలని 2017 డిసెంబరులో ఆ జడ్జి ఆదేశించారు.

పిటిషన్‌లో ఏమి ఉండాలి

హెబియస్ దాఖలుకు కోర్టు ఫీజు 5 డాలర్లు మాత్రమే. పిటిషన్ పొడవుగా ఉండనవసరం లేదు గానీ కచ్చితంగా ఉండాలి. పౌరసత్వానికి రుజువుగా జనన ధ్రువపత్రం, పాస్‌పోర్టు లేదా పౌరసత్వ ధ్రువపత్రం జతచేయాలి. పట్టుకున్న తేదీ, చోటు, పట్టుకున్న బలగం, ఇప్పటి నిర్బంధ స్థలం, చివరిసారిగా ఉత్తరమో ఫోనో వచ్చిన రోజు, ప్రభుత్వం ఇంతవరకు చెప్పిన కారణం, నెక్స్ట్ ఫ్రెండ్‌కు ఉన్న బంధుత్వం రాయాలి. తెలియని విషయాన్ని ఊహించి రాయకూడదు, తెలిసినదానికి ‘నాకు తెలిసినంతవరకు’ అని, విన్నదానికి ‘ఫలానా వారి ద్వారా తెలిసింది’ అని విడదీసి రాయాలి. హమ్దీ తండ్రి తన కుమారుడు సహాయ కార్యక్రమాల కోసం అఫ్ఘనిస్తాన్‌కు వెళ్ళాడని, సెప్టెంబరు 11 దాడులకు రెండు నెలలు కూడా లేని సమయంలో అక్కడికి చేరినవాడు సైనిక శిక్షణ పొంది ఉండడం సాధ్యం కాదని చెప్పాడు. పెద్ద మాటలు లేకుండా తేదీల మీద నిలబడిన ఇలాంటి వాదనను పరీక్షించక తప్పదు.

కోరే ఉపశమనాల దగ్గర పొదుపు పనికిరాదు. విడుదల కోరడంతో పాటు, విడుదల చేయకపోతే అభియోగం మోపాలని, నిర్బంధానికి ఆధారమైన వాస్తవాలను రాతపూర్వకంగా ఇవ్వాలని, న్యాయవాదితో నిఘా లేని సంభాషణకు అనుమతించాలని, సాక్ష్యాల విచారణ జరపాలని, కోర్టుకు ముందుగా తెలియజేయకుండా మరో దేశానికి అప్పగించకూడదని విడివిడిగా అడగాలి. చివరిది చాలామంది మరిచిపోతారు. పైన చెప్పిన అమెరికా–సౌదీ పౌరుడి కేసులో, అతన్ని బదిలీ చేయాలనుకుంటే 72 గంటల ముందు చెప్పాలని కోర్టు ఆదేశించింది కాబట్టే, బలవంతపు బదిలీని ఆపే ఉత్తర్వు తెచ్చుకోవడానికి వ్యవధి దొరికింది. ఆ ఉత్తర్వును 2018 మేలో అప్పీళ్ళ కోర్టు 2–1 తేడాతో నిలబెట్టింది.

ప్రభుత్వం మూడు రోజుల్లో, తగిన కారణం చూపితే 20 రోజుల్లోపు, జవాబివ్వాలని, ఆ తరువాత ఐదు రోజుల్లో విచారణ పెట్టాలని 2243వ సెక్షన్ అంటుంది. కాగితం మీద ఉన్న ఈ వేగాన్ని నమ్ముకుని ఎదురుచూడవద్దు. హమ్దీ తండ్రి పిటిషన్‌కు సుప్రీంకోర్టు తీర్పు రావడానికి రెండేళ్ళు పట్టింది. అయినా ప్రతి వాయిదాకూ ఈ సెక్షన్‌ను ఉటంకిస్తూ అభ్యంతరం నమోదు చేయడం మంచిది.

ప్రభుత్వ అఫిడవిట్‌కు జవాబు చెప్పే పద్ధతి

కేసు గెలుపోటములు తేలేది ఇక్కడే. హమ్దీ కేసులో ప్రభుత్వం ఇచ్చిన సమాధానమంతా రక్షణ శాఖ సలహాదారు మైఖేల్ మాబ్స్ సంతకం చేసిన తొమ్మిది పేరాల ప్రకటన ఒక్కటే. హమ్దీ తాలిబాన్ దళంతో ఉన్నాడని, ఆయుధ శిక్షణ పొందాడని, తుపాకీతో సహా లొంగిపోయాడని అందులో ఉంది. ఆ అధికారి హమ్దీని చూసినవాడు కాదు, రికార్డులు చదివి రాసినవాడు. డిస్ట్రిక్ట్ జడ్జి డూమర్ అది చాలదని, మూల పత్రాలు చూపాలని పట్టుబట్టారు, అప్పీళ్ళ కోర్టు మాత్రం అది చాలునంది. సుప్రీంకోర్టు ఆ రెంటికీ మధ్య నిలబడింది.

మధ్యన నిలబడడం అంటే ఏమిటో పిటిషనర్ వివరంగా అర్థం చేసుకోవాలి. 1976 నాటి మాథ్యూస్ వర్సెస్ ఎల్‌డ్రిడ్జ్ కేసు త్రాసును ప్రధానాభిప్రాయం ఇక్కడ వాడింది. వ్యక్తి కోల్పోయేది ఎంత, ప్రస్తుత పద్ధతిలో పొరపాటు జరిగే అవకాశం ఎంత, అదనపు రక్షణ కల్పిస్తే ప్రభుత్వం మీద పడే భారం ఎంత అన్నవి ఆ త్రాసులో వేసి తూచారు. తూచిన తరువాత యుద్ధరంగంలో పట్టుకున్న క్షణంలో ఏ ప్రక్రియా అక్కరలేదని, నిర్బంధాన్ని కొనసాగించాలని నిర్ణయించినప్పుడే అది అవసరమవుతుందని అన్నారు. అప్పుడు పౌరుడికి తన వర్గీకరణకు ఆధారమైన వాస్తవాలు తెలియజేయాలి, తటస్థ నిర్ణేత ఎదుట వాటిని ఖండించే న్యాయమైన అవకాశం ఇవ్వాలి. పట్టి ఉంచినవారే ప్రశ్నించి రాసుకున్న జవాబులు అలాంటి అవకాశం కిందికి రావని స్పష్టంగా చెప్పారు. ‘కొంత సాక్ష్యం ఉంటే చాలు’ అన్న ప్రభుత్వ కొలమానాన్ని తిరస్కరించారు. సమాచారం రాబట్టడం కోసమే నిరవధికంగా ఉంచుకోవడానికి అధికారం లేదన్నారు. పౌరుల హక్కుల విషయంలో యుద్ధ స్థితి అధ్యక్షుడికి ఇచ్చిన ఖాళీ చెక్కు కాదన్న ప్రసిద్ధ వాక్యం అక్కడిదే.

మరోవైపు, ఇతరుల ద్వారా విన్న మాటలను కూడా ప్రభుత్వం సాక్ష్యంగా పెట్టవచ్చని, ఖండించే అవకాశం ఉన్నంతవరకు ప్రభుత్వ సాక్ష్యం వైపు మొగ్గే ముందస్తు భావన కూడా చెల్లుతుందని అన్నారు. అంటే ప్రభుత్వం నమ్మదగిన సాక్ష్యం ముందుకు తెచ్చాక, దానికన్నా బలమైన సాక్ష్యంతో జవాబిచ్చే భారం నిర్బంధితుడి మీద పడుతుంది. సరిగా ఏర్పాటైన సైనిక ట్రిబ్యునల్ కూడా తటస్థ నిర్ణేత కావచ్చన్నారు. అందువల్ల ప్రభుత్వం అలాంటి ట్రిబ్యునల్‌ను ముందుకు తెస్తే, అందులో ఎవరు కూర్చుంటారు, వారికి ముందటి నిర్ణయంతో సంబంధం ఉందా, సాక్షులను పిలవనిస్తారా అన్న ప్రశ్నలతో దాన్ని కోర్టులో పరీక్షించాలి.

జవాబు రాసేటప్పుడు అఫిడవిట్‌లోని ఏ పేరానూ వదలకూడదు. ఖండించని ఆరోపణలను, సాక్ష్యాలు మరోలా చూపితే తప్ప, నిజాలుగా స్వీకరించాలని 2248వ సెక్షన్ చెబుతుంది. ప్రతి పేరా దగ్గరా కొన్ని ప్రశ్నలు వేసుకోవాలి. ఈ మాట ఎవరు చెప్పారు, చెప్పినవాడు కళ్ళారా చూశాడా, ఏ భాషలో చెప్పాడు, ఎవరు అనువదించారు, ఎలాంటి పరిస్థితుల్లో చెప్పాడు, పట్టి ఇచ్చినవారికి అందులో లాభమేమైనా ఉందా? ప్రయాణ తేదీలు, వీసా ముద్రలు, చదువు, ఉద్యోగ రికార్డులు, అక్కడ కలిసినవారి ప్రమాణ పత్రాలు అలాంటి ప్రశ్నలకు ప్రాణం పోస్తాయి. రహస్య సమాచారమని ప్రభుత్వం పత్రాలు దాచిపెడితే, భద్రతా అనుమతి ఉన్న న్యాయవాదికైనా చూపాలని, నిర్బంధితుడికి రహస్యం కాని సారాంశమైనా ఇవ్వాలని కోరాలి.

తీర్పులోని లెక్క కూడా వాదనకు పనికివస్తుంది. తొమ్మిది మంది న్యాయమూర్తుల్లో ప్రధానాభిప్రాయం నలుగురిదే. జస్టిస్ సౌటర్, జస్టిస్ గిన్స్‌బర్గ్ అసలు కాంగ్రెస్ అనుమతే లేదన్నారు. జస్టిస్ స్కాలియా, జస్టిస్ స్టీవెన్స్ ఇంకా ముందుకు వెళ్ళి, రిట్‌ను నిలిపివేయనంతవరకు పౌరుడిని దేశద్రోహం వంటి నేరం మీద విచారించాలి, లేదా వదిలిపెట్టాలి అన్నారు. ప్రభుత్వ వాదనను పూర్తిగా ఒప్పుకున్నది జస్టిస్ థామస్ ఒక్కరే.

న్యాయవాది సంగతి క్లుప్తంగా చెబుతాను. కేసు కోర్టుకు తిరిగి వెళ్ళాక హమ్దీకి న్యాయవాదిని కలిసే హక్కు నిస్సందేహంగా ఉందని సుప్రీంకోర్టు రాసింది. దాన్ని పిటిషన్ మొదటి పేజీలోనే ఉటంకించాలి. మాట్లాడే మాటలను అధికారులు వింటున్నారని తెలిస్తే, నిఘా తొలగే వరకు కేసు వాస్తవాలను చర్చించకుండా ఉండడమే వివేకం.

అభియోగం, బదిలీ, విడుదల

కేసు పై కోర్టుకు చేరుతున్న దశలో ప్రభుత్వం దారి మార్చే అవకాశం ఉంది. 2005 సెప్టెంబరులో నాలుగో సర్క్యూట్ పడియా నిర్బంధాన్ని సమర్థించాక, సుప్రీంకోర్టు మళ్ళీ పరిశీలించే లోపలే, నవంబరులో అతని మీద వేరే నేరాభియోగాలు మోపి పౌర న్యాయవ్యవస్థకు మార్చారు. మూడున్నరేళ్ళు సైనిక నిర్బంధానికి కారణంగా చూపిన బాంబు పథకం ఆ అభియోగపత్రంలో లేనేలేదు. 2007లో మయామిలో జ్యూరీ అతన్ని దోషిగా తేల్చింది. అందుకే హెబియస్ కేసులో నిర్బంధితుడి సొంత ప్రమాణ పత్రం దాఖలు చేసేముందు, అందులోని ప్రతి వాక్యం రేపు క్రిమినల్ కోర్టులో అతనికి ఎదురుతిరిగే ప్రమాదం ఉందేమో క్రిమినల్ న్యాయవాదితో చదివించాలి. నేరాభియోగం మోపినా ఆ విచారణ మామూలు ఫెడరల్ కోర్టులోనే జరగాలి. ఇప్పటి సైనిక కమిషన్ల చట్టం విదేశీయులకే వర్తిస్తుంది.

విడుదల ప్రతిపాదన వస్తే ప్రతి షరతునూ చదవాలి. సుప్రీంకోర్టు తీర్పు తరువాత హమ్దీకి విచారణ జరగనేలేదు. 2004 అక్టోబరులో అతన్ని సౌదీ అరేబియాకు పంపారు, బదులుగా అతను అమెరికా పౌరసత్వాన్ని వదులుకుని, ప్రయాణ ఆంక్షలకు ఒప్పుకున్నాడు. ఏ హక్కు ఆధారంగా కేసు నడిచిందో దాన్నే వెలగా అడిగారన్నమాట. సంతకం పెట్టాలా వద్దా అన్నది నిర్బంధితుడి నిర్ణయం, కుటుంబానిదీ న్యాయవాదిదీ కాదు. ఆ నిర్ణయాన్ని అతను న్యాయవాదితో ఏకాంతంగా మాట్లాడిన తరువాతే తీసుకునేలా చూడాలి. ఆ తరువాత నష్టపరిహారం దావా వేయాలని ఆలోచించేవారు పడియా, అతని తల్లి వేసిన దావాలను 2012లో రెండు అప్పీళ్ళ కోర్టులు కొట్టివేశాయన్న సంగతి లెక్కలోకి తీసుకుని, విడుదల ఒప్పందం మీద సంతకానికి ముందే తమకు కావలసినవి అడగడం మంచిది.